కాబోయే అల్లుడు యూదు అబ్బాయి: దేవుణ్ని నమ్మనంటాడు, పిల్లలు యూదులుగా పెరగాలంటాడు

ఎడిసన్ నుంచి ఒక తల్లి:

అందరికీ నమస్కారం. న్యూజెర్సీ ఎడిసన్‌లో 26 ఏళ్లుగా ఉంటున్నాం. మా పెద్దమ్మాయి ఒక యూదు అబ్బాయిని పెళ్లి చేసుకోబోతోంది. బుద్ధిమంతుడు, మా ఇద్దరికీ నచ్చాడు. ఆ సంబంధం మంచిదా కాదా అని నేను అడగడం లేదు. నాకు అర్థం కానిది వేరే ఉంది.

మొదటిసారి మా ఇంటికి భోజనానికి వచ్చినప్పుడు రొయ్యల వేపుడు రెండుసార్లు అడిగి వడ్డించుకున్నాడు. యూదులు రొయ్యలు తినరని ఎక్కడో చదివి ముందు జాగ్రత్తగా వంకాయ కూర కూడా చేశాను. దాని వైపు చూడనే లేదు. "నాకు దేవుడి మీద నమ్మకం లేదు ఆంటీ" అని తనే చెప్పాడు. సరే అనుకున్నాం. తర్వాత యోమ్ కిప్పుర్ అనే వాళ్ల ప్రాయశ్చిత్త దినం వచ్చింది. ఆ రోజు మంచినీళ్లు కూడా ముట్టకుండా 25 గంటలు ఉపవాసం ఉన్నాడు! ఎందుకని మా అమ్మాయి అడిగితే "మా తాతయ్య ఉండేవాడు" అన్నాడట. పోయిన నెల మా వారితో మాట్లాడుతూ, పెళ్లి ఎవరి పద్ధతిలో జరిపినా సరే, పిల్లలు మాత్రం యూదులుగా పెరగాలని మెల్లగానే అయినా గట్టిగా చెప్పాడు.

నమ్మకమే లేనివాడు పిల్లల్ని ఏ మతంలో పెంచుతాడు? అసలు దీన్ని మతం అనాలా, జాతి అనాలా, వంశం అనాలా? ఆ ఇంట్లో మా అమ్మాయి దీపం పెట్టుకోవడానికి చోటు ఉంటుందా? అనుభవం ఉన్నవాళ్లు చెప్పండి. ఇంకొక చిన్న సంగతి. వచ్చే నెల వాళ్ల పస్కా (పాసోవర్) పండుగ విందుకు వాళ్ల అమ్మగారు మమ్మల్ని లాంగ్ ఐలాండ్‌కి పిలిచారు. వట్టి చేతులతో వెళ్లడం నాకు అలవాటు లేదు. ఏం వండి తీసుకెళ్లాలి?

చరిత్ర మాస్టారు, సిన్సినాటి:

అమ్మా, గుంటూరులో ముప్పై ఏళ్లు చరిత్ర పాఠాలు చెప్పి, ఇప్పుడు మా అబ్బాయి దగ్గర సిన్సినాటిలో ఉంటున్నాను. మీరు రొయ్యల మాట ఎత్తారు కాబట్టి ఈ ఊరి కథ ఒకటి చెప్పాలి.

అమెరికాలో యూదు మతగురువులను, అంటే రబ్బీలను, తయారుచేసే హీబ్రూ యూనియన్ కాలేజీ 1875లో ఇక్కడే మొదలైంది. 1883లో అందులో చదివిన తొలి రబ్బీలు పట్టా పుచ్చుకున్న సందర్భంగా పెద్ద విందు చేశారు. ఆ విందులో రొయ్యలు, పీతలు, కప్ప కాళ్లు వడ్డించారు. ధర్మశాస్త్రం కూడదన్న పదార్థాలు రబ్బీల విందులోనే! కొందరు కోపంతో లేచి వెళ్లిపోయారు. అది పొరపాటున జరిగిందా, కావాలని చేశారా అని ఇప్పటికీ వాదించుకుంటారు. రెండేళ్ల తర్వాత, 1885లో, సంస్కరణవాద రబ్బీలు పిట్స్‌బర్గ్‌లో సమావేశమై, ఆహార నియమాలు ఈ కాలానికి పనికిరావని, తాము ఇక ఒక జాతి కాదని, కేవలం ఒక మత సమాజమని ప్రకటించారు. అమెరికన్ పౌరుడికి మతం వేరుగా ఉండవచ్చు, జాతి వేరుగా ఉండకూడదన్న ఆలోచన అది.

వాళ్లలో చాలామంది జర్మనీ ప్రాంతాల నుంచి వచ్చి అప్పటికే స్థిరపడినవాళ్లు. 1881 నుంచి 1924 వరకు రష్యా సామ్రాజ్యం, తూర్పు యూరప్ నుంచి ఇరవై లక్షల పైచిలుకు యూదులు వచ్చారు. వాళ్లు యిడ్డిష్ అనే తమ భాష మాట్లాడేవాళ్లు, ఎక్కువమంది బీదవాళ్లు, న్యూయార్క్ ఇరుకు గదుల్లో బట్టలు కుడుతూ బతికినవాళ్లు. వాళ్ల పిల్లల్ని ఈ దేశం ఒక చేత్తో "మాలో కలిసిపొండి" అని పిలిచింది, రెండో చేత్తో తలుపు మూసింది. 1920లలో హార్వర్డ్ లాంటి విశ్వవిద్యాలయాలు యూదు విద్యార్థుల సంఖ్య పెరగకుండా అడ్డుకున్నాయి. ఉద్యోగాలు రాక ఎందరో కోర్టుకు వెళ్లి ఇంటిపేరు మార్చుకున్నారు. వలస వచ్చినవాళ్లను తనిఖీ చేసే ఎల్లిస్ ఐలాండ్‌లో గుమాస్తాలే పేర్లు మార్చేశారని చాలామంది నమ్ముతారు గానీ అది నిజం కాదు. ఓడల జాబితాల్లో ఉన్న పేర్లనే వాళ్లు సరిచూసుకునేవారు. పేరు మార్చుకున్నది ఆ మనుషులే, ఏళ్ల తర్వాత, తమ పిల్లల బతుకు కోసం.

ఇప్పుడు మీ కాబోయే అల్లుడి సంగతి. ప్యూ పరిశోధన కేంద్రం 2020లో చేసిన సర్వేలో అమెరికా యూదు పెద్దల్లో 27 శాతం మంది తమకు మతం లేదన్నారు, అయినా తాము యూదులమే అన్నారు. 1885 నాటి ప్రకటనను తలకిందులు చేసిన మాట అది. ఆనాటి పెద్దలు మతం ఉంచుకుని జాతిని వదిలారు, ఈనాటి మనవలు మతం వదిలి ఆ అనుబంధాన్ని పట్టుకున్నారు. మతమా జాతా అని మీరు అడిగిన ప్రశ్న మీద వాళ్లలో వాళ్లే నూటముప్పై ఏళ్లకు పైగా తగవులాడుకుంటున్నారు. మీకు ఒక్క పూటలో తెగలేదని బెంగ పెట్టుకోకండి.

పిట్స్‌బర్గ్ కోడలు:

అక్కా, నాది మీ అమ్మాయి కథే. 1999లో పెళ్లయింది. మా వారి కుటుంబం యూదు మతంలో కన్సర్వేటివ్ అనే మధ్యేమార్గ శాఖకు చెందింది. ఆ శాఖ రబ్బీలు యూదులు కానివాళ్లతో పెళ్లి జరిపించరు. మా అత్తగారు చిన్నప్పటి నుంచి ఎరిగిన రబ్బీ కూడా కుదరదన్నారు. చివరికి సంస్కరణ శాఖ రబ్బీ ఒకరు ఒప్పుకున్నారు. మన పద్ధతి పెళ్లి పెన్‌హిల్స్ వేంకటేశ్వరస్వామి గుడిలో జరిగింది.

పిల్లల సంగతి మీరు ఇప్పుడే తెలుసుకోవాలి. పాత ఆచారాలు గట్టిగా పాటించే ఆర్థడాక్స్ శాఖలోనూ, కన్సర్వేటివ్ శాఖలోనూ తల్లి యూదురాలైతేనే బిడ్డ పుట్టుకతో యూదు. తండ్రి వైపు నుంచి కూడా చెల్లుతుందని సంస్కరణ శాఖ 1983లో తీర్మానించింది, బిడ్డను ఆ సంప్రదాయంలో పెంచితేనే అన్న షరతుతో. కాబట్టి మీ మనవడు యూదుల ప్రార్థనా మందిరమైన ఒక సినగాగ్‌లో యూదు అవుతాడు, నాలుగు వీధుల అవతల మరో సినగాగ్‌లో కాడు. మా అబ్బాయికి అదే జరిగింది. వాడికి పన్నెండేళ్లప్పుడు ఒక స్నేహితుడు "నువ్వు అసలు యూదువి కావు" అన్నాడట. ఆ రాత్రి వాడు అన్నం తినలేదు. మీ అమ్మాయి, అబ్బాయి ఈ మాట ముందే కూర్చుని మాట్లాడుకోవాలి.

విందుకు ఏం తీసుకెళ్లాలని అడిగారు. ఆ పస్కా విందును సేదర్ అంటారు. 2000 సంవత్సరంలో నా మొదటి సేదర్‌కి నేను పులిహోర తీసుకెళ్లాను. పెద్ద స్టీలు గిన్నె నిండా చేశాను. మా అత్తగారు నవ్వుతూనే అందుకుని, వంటింటి గట్టు మీద పెట్టి, పైన శుభ్రమైన తుండు కప్పారు. విందు అయిపోయేదాకా ఆ తుండు తీయలేదు. పస్కా ఎనిమిది రోజులూ పులిసిన రొట్టె కూడదని నాకు తెలుసు. యూరప్ నుంచి వచ్చిన యూదులు బియ్యం, పప్పులు కూడా ముట్టరని తెలియదు. అది శాస్త్రంలో లేదు, మధ్యయుగాల నుంచి వస్తున్న ఆచారం. స్పెయిన్, అరబ్బు దేశాల యూదులకు ఆ పట్టింపు లేదు. ఆ ఆచారం ప్రకారం చూస్తే పులిహోరలో బియ్యం కూడదు, మినప్పప్పు, శనగపప్పు కూడవు, ఆవాలు కూడవు, చాలా ఇళ్లలో వేరుశనగలూ కూడవు. అన్నిటికీ మించి ఇంగువ. మనం కొనే ఇంగువ పొడిలో సాధారణంగా పులిసే గుణమున్న గోధుమపిండి కలుపుతారు. అది ఆచారం కాదు, అసలు నిషేధమే. గిన్నె కడగకుండా అలాగే తిరిగి తెచ్చుకున్నాను. దారి పొడవునా మా వారితో మాట్లాడలేదు.

తర్వాత పదిహేనేళ్లు సేదర్‌కి పళ్లు తీసుకెళ్లాను. 2015 డిసెంబరులో కన్సర్వేటివ్ శాఖ ధర్మనిర్ణయ సంఘం పస్కాలో బియ్యం, పప్పులు తినవచ్చని తీర్పు ఇచ్చింది. 2016 వసంతంలో అత్తగారు నాకు ఫోన్ చేశారు. "నీ పచ్చటి అన్నం చేస్తావా? నా వంటింట్లో చెయ్యి" అన్నారు. పస్కాకు మాత్రమే తీసే గిన్నెలు అటక మీద నుంచి దింపించి ఉంచారు. ఇంగువ లేకుండా చేశాను. ఆవిడ చెంచాడు పళ్లెంలో పెట్టుకుని కాసేపు చూశారు. "మా అమ్మకు తెలిస్తే ఏమంటుందో" అన్నారు. తిన్నారు. 81 ఏళ్ల వయసులో ఆ పండుగకు ఆవిడ అన్నం తినడం అదే మొదటిసారి. నాకోసం తిన్నారని నాకు తెలుసు. కానీ రబ్బీల తీర్పు వచ్చేదాకా పదిహేనేళ్లు ఆగారు, అదీ నాకు తెలుసు. ఆ రెండూ కలిసిన మనిషి ఆవిడ. నాకు ఆవిడ మీద గౌరవం పెరిగింది.

ఇక నమ్మకం సంగతి. మా వారు మీ అల్లుడిలాంటివారే. 2018 అక్టోబరు 27, శనివారం ఉదయం, మా స్క్విరల్ హిల్‌లోని సినగాగ్‌లో ప్రార్థనకు వచ్చిన 11 మందిని ఒకడు తుపాకీతో కాల్చి చంపాడు. మా ఇంటికి నడిచి వెళ్లేంత దూరం. పండుగలకు తప్ప సినగాగ్ గడప తొక్కని మా వారు ఆ తర్వాతి శనివారం వాళ్ల తాతగారి ప్రార్థన శాలువా పెట్టెలోంచి తీశారు. మడతల దగ్గర పసుపు రంగు తిరిగిపోయి ఉంది. అది భుజాన వేసుకుని వెళ్లారు, ఇప్పటికీ వెళుతున్నారు. నమ్మకం వచ్చిందా అని అడిగాను. రాలేదన్నారు. చనిపోయినవాళ్ల కోసం చెప్పే కద్దీష్ ప్రార్థనకు పదిమంది ఉండాలి, తొమ్మిదిమందే ఉంటే దుఃఖంలో ఉన్న మనిషి ఆ ప్రార్థన చెప్పలేడు. "నేను పదోవాణ్ని, అందుకు నమ్మకం అడగరు" అన్నారు. మీ అల్లుడి "మా తాతయ్య ఉండేవాడు" అన్న మాట చదవగానే నాకు ఇదే గుర్తొచ్చింది.

దీపం సంగతి కూడా అడిగారు. మా అత్తగారు 2021లో పోయారు. ఆవిడ ఆబ్దికం వాళ్ల పంచాంగం ప్రకారం వస్తుంది, మన తిథిలాగే ఏటా తేదీ మారుతుంది. ఆ రోజు 24 గంటలు వెలిగే కొవ్వొత్తి పెడతారు. మా వారు ఊళ్లో లేకపోతే నేనే వెలిగిస్తాను. నా దీపం దాని పక్కనే ఉంటుంది.

హ్యూస్టన్ నుంచి:

పెద్దలు చెప్పినవన్నీ బాగున్నాయి. కానీ రెండో వైపు కూడా చెప్పాలి. నేను ఇక్కడే పుట్టి పెరిగాను, వారాంతాల్లో పిల్లలకు తెలుగు చెబుతాను. కాలేజీలో నాతో ఒకే గదిలో ఉన్న యూదు మిత్రుడి ముత్తాత ఇంట్లో అందరూ యిడ్డిష్‌లోనే మాట్లాడేవారు. వాడికి వచ్చినవి నాలుగైదు మాటలు, అందులో రెండు తిట్లు. 1897లో న్యూయార్క్‌లో మొదలైన ఫార్వర్డ్ యిడ్డిష్ పత్రిక ఒకప్పుడు రోజుకు రెండు లక్షలకు పైగా అమ్ముడుపోయింది, 2019లో అచ్చు ఆగిపోయింది. గట్టి ఆచారపరులైన హసిదీ యూదు కుటుంబాల్లో తప్ప ఆ భాష ఇళ్లలోంచి వెళ్లిపోయింది. అదే ప్యూ సర్వేలో, 2010 తర్వాత పెళ్లి చేసుకున్న యూదుల్లో 61 శాతం మంది భాగస్వాములు యూదులు కారు. అలాంటి ఇళ్లలో పిల్లలున్నవాళ్లు మూడింట రెండు వంతుల మంది ఏదో ఒక రకంగా యూదులుగానే పెంచుతున్నామన్నారు. మిగిలిన వంతు సంగతి? పెద్దమ్మా, మీ అల్లుడు అంత గట్టిగా చెప్పడానికి కారణం ఆ భయమే అనుకుంటాను. మీకు మీ తెలుగు గురించి ఉన్న భయమే అతనికి ఉంది. ఒకే బిడ్డ మీద రెండు భయాలు పడతాయి. మగపిల్లాడు పుడితే ఎనిమిదో రోజు సున్తీ చేయిస్తారు, అది కూడా ముందే మాట్లాడుకోమనండి.

ఎడిసన్ నుంచి ఒక తల్లి:

అందరికీ చేతులెత్తి నమస్కరిస్తున్నాను. పిట్స్‌బర్గ్ చెల్లాయి మాట చదివాక ధైర్యం చేసి ఆ అబ్బాయి వాళ్ల అమ్మగారికి ఫోన్ చేశాను. నలభై నిమిషాలు మాట్లాడుకున్నాం. వాళ్ల నాన్నగారికి బ్రాంక్స్‌లో ఇనుప సామాన్ల దుకాణం ఉండేదట. శనివారం కూడా తెరిస్తేనే గడిచేది కాబట్టి ఏళ్ల తరబడి విశ్రాంతి దినం పాటించలేదట. అది ఆయన్ను చివరిదాకా బాధించిందట. యోమ్ కిప్పుర్ ఒక్కరోజు మాత్రం దుకాణం మూసి, మనవణ్ని పక్కన కూర్చోబెట్టుకుని సాయంత్రం దాకా ఉపవాసం ఉండేవారట. ఆ మనవడే మా అల్లుడు.

ఇంట్లో బియ్యం, పప్పులు వద్దని ఆవిడ నిర్మొహమాటంగానే చెప్పారు, ఆవిడ ఇంకా పాత ఆచారమే పాటిస్తారు. బంగాళాదుంపలు పరవాలేదట. వేపుడు చేద్దామనుకుంటున్నాను. ఆవాలు, మినప్పప్పు, ఇంగువ లేకుండా తాలింపు ఎలా పెట్టాలి చెల్లీ?

పిట్స్‌బర్గ్ కోడలు:

ఇంట్లో వండి తీసుకెళ్లకండి అక్కా. మన గిన్నెల్లో వండినది వాళ్లు ముట్టకపోవచ్చు. రెండు గంటలు ముందు వెళ్లి ఆవిడ వంటింట్లో, ఆవిడ మూకుడులోనే చేస్తానని అడగండి. నూనె కూడా ఆవిడ వాడేదే. దుంపలు సన్నగా తరిగి ఆరబెట్టండి, తాలింపు లేని లోటు ఆ కరకరతో తీరుతుంది. ఎండుమిరపకాయలు, కరివేపాకు చాలు. కరివేపాకు ఆకు ఆకూ వెలుతురులో చూసి కడగండి, పురుగు ఉండకూడదని వాళ్లకు పట్టింపు. పసుపు విప్పని పొట్లం తీసుకెళ్లి ముందు ఆవిడకు చూపించండి. జీలకర్ర మాత్రం ఒక్కో ఇంట్లో ఒక్కో పద్ధతి, ఆవిడనే అడిగి వేయండి.