రాహుల్ సాంకృత్యాయన్ టిబెట్ యాత్రని సాహసకథలా చదవొచ్చా?

ప్రశ్న:
హిందీ రచయిత, బౌద్ధ పండితుడు రాహుల్‌జీ కథలు చాలాకాలంగా చదువుతున్నాను. ఈమధ్యే ఆయన 1929 నాటి టిబెట్ ప్రయాణం గురించి రాసింది చదవడం మొదలుపెట్టాను. బిచ్చగాడి వేషం, దొంగలు తిరిగే కొండదారులు, ఎప్పుడు పట్టుబడతారో తెలియని టెన్షన్. ఇన్ని ఉన్నా ఆయన మాత్రం రెండు ముక్కల్లో తేల్చేసి ముందుకు వెళ్లిపోతారు. నాకు అక్కడే వెలితిగా ఉంది. మీకెలా అనిపించింది?

జవాబు:
మీకు వెలితి అనిపించిన చోటే నాకు ఆయన మీద గౌరవం పెరిగిందండీ. థోంగ్లా కనుమ దగ్గర చూడండి. 17-18 వేల అడుగుల ఎత్తు, దరిదాపుల్లో ఊరు లేదు. అక్కడి దొంగలు ముందు మనిషిని చంపి, ఆ తర్వాతే డబ్బుందో లేదో వెతుకుతారట. అనుమానం వస్తే చాలు, ఈయన టోపీ తీసి, నాలుక బయటపెట్టి, పైసా ఇమ్మని అడుక్కునేవారు. అడుక్కునేవాణ్ణి చంపితే వాళ్లకేం దొరుకుతుంది? భయం గురించి అంతకుమించి రాయలేదు.

లంకోర్ అనే చోటికి చేరిన రోజు గురించి మాత్రం తీరిగ్గా రాశారు. ఎక్కిన గుర్రం అదిలిస్తే ఇంకా నెమ్మదిస్తుంది. దారి చీలినచోట తప్పుదారి పట్టి, మైలున్నర పోయి వెనక్కొచ్చారు. తోటి ప్రయాణికుడు, మంగోలు భిక్షువు సుమతి ముందే చేరి, ఈయన కోసం ఎదురుచూసి మండిపడుతున్నాడు: రెండు గంపల పిడకలు తగలేశాడట, టీ మూడుసార్లు వేడిచేశాడట! ఆ మనిషి కోపం, అది ఇట్టే చల్లారిపోవడం నాకు కళ్లకు కట్టినట్టుంటాయి.

మరో జవాబు:
ఆయన వెళ్లింది పుస్తకాల కోసం. అది మనసులో పెట్టుకుంటే మిగతాదంతా అర్థమవుతుంది. అప్పట్లో భారతీయులకి టిబెట్ వెళ్లే అనుమతి లేదు, అందుకే నేపాల్ మీదుగా మారువేషంలో వెళ్లారు. మన దగ్గర కనుమరుగైన సంస్కృత బౌద్ధ గ్రంథాలు అప్పట్లో అక్కడి మఠాల్లో భద్రంగా ఉండేవి. వాటి కోసమే 1934, 1936, 1938లో మళ్లీ వెళ్లారు. బౌద్ధ తార్కికుడు ధర్మకీర్తి రాసిన ‘ప్రమాణవార్తికం’ సంస్కృత మూలం అలా వెలుగులోకి వచ్చిందే. తెచ్చినవాటిని పట్నా మ్యూజియంకి ఇచ్చేశారు.

శేకర్ మఠం ఘట్టం వదలకండి. చుట్టుపక్కల శిష్యుల ఇళ్లకి వెళ్లొస్తానని సుమతి అంటే, వారం పడుతుందని రాహుల్‌జీ అంతకుముందు ఒప్పుకోలేదు. శేకర్‌లో చేత్తో రాసిన కంజూర్ (బుద్ధవచనాల టిబెటన్ అనువాదం) పోథీలు, అంటే గ్రంథాలు, 103 కనిపించాయి, ఒక్కోటి 15 సేర్లకి తగ్గదు. ఆయన వాటి మధ్య కూర్చుండిపోయారు. సుమతి మళ్లీ అడిగితే వెంటనే సరే అన్నారు!

ప్రశ్న అడిగినవారు:
ఇంకా శేకర్ దాకా రాలేదు, ఈ రాత్రికి అక్కడిదాకా చదివేస్తాను. మిగతా యాత్రల సంగతులు ఎక్కడ దొరుకుతాయి?

మరో జవాబు:
హిందీ చదవగలిగితే ఆయన ఆత్మకథ ‘మేరీ జీవన్ యాత్రా’ పట్టుకోండి. మ్యాప్ పక్కన పెట్టుకుంటే ఇంకా బాగుంటుంది, ఆయన దాటిన టింగ్రీ మైదానం దగ్గర నుంచి వేలు పెట్టి దారి వెతుక్కోవచ్చు.