డుంగ్‌చెన్ బాకాను ఆర్కెస్ట్రాతో ఎలా కలపాలి?

ప్రశ్న:
టిబెట్ నుంచి కాలినడకన కనుమలు దాటి హిమాచల్ ప్రదేశ్‌లోని ధర్మశాల పట్టణం చేరిన ఒక వృద్ధురాలి మీద మిత్రులు ఇరవై నిమిషాల చిత్రం తీశారు. నేపథ్య సంగీతం నాది. ఆమె మంచులో నడిచిన రాత్రిని గుర్తు చేసుకునే ఘట్టానికి టిబెటన్ మఠాల్లో ఊదే డుంగ్‌చెన్ బాకా, దాని కింద చెల్లోలు (వయొలిన్ జాతి పెద్ద తీగ వాద్యాలు) పెట్టాను. బాకా శ్రుతి తప్పినట్టు అనిపించి కంప్యూటర్‌లో సరిచేశాను. ఇప్పుడు అన్నీ చక్కగా కలిశాయి, కానీ బాకాలో జీవం పోయింది. పర్యాటక ప్రకటన వింటున్నట్టుంది. లోపం ఎక్కడ?

జవాబు:
ఆ సరిచేయడమే లోపం. ముందు దాన్ని తీసేయండి. డుంగ్‌చెన్ మూడు మీటర్లు, అంతకు మించి కూడా ఉండే లోహపు గొట్టం. స్వరాలు మార్చడానికి రంధ్రాలు లేవు, మీటలు లేవు. ఊదేవారి పెదవులు, ఊపిరి, అంతే. సాధారణంగా ఇద్దరు కలిసి ఊదుతారు. ఒకరు ఊపిరి తీసుకునే వేళ రెండోవారు నాదం తెగకుండా పట్టుకుంటారు. ఆ చేతులు మారే చోట స్వరం కొంచెం ఊగుతుంది. జీవం అక్కడే ఉంది, మీరు తుడిచేసింది దాన్నే.

నేనూ ఒకసారి ఈ ఇబ్బంది పడ్డాను. చివరికి చెల్లో వాయించే ఆవిడే తన తీగలను బాకా శ్రుతికి దించుకున్నారు. పది నిమిషాలు పట్టింది. తర్వాత విన్నప్పుడు ఆ నాదం స్పీకర్లలోంచి కాక నేలలోంచి వస్తున్నట్టు తోచింది.

టిబెటన్ రోల్మో తాళాలు వాడితే మెట్రోనోమ్ (లయను సమానంగా కొట్టే పరికరం) పెట్టకండి. వాటి దెబ్బలు ఎడంగా మొదలై, దగ్గరవుతూ, చివరికి వణుకులా కలిసిపోతాయి. ఆ నడకకు తగ్గట్టు దృశ్యాన్ని కత్తిరించమని ఎడిటర్‌ను బతిమాలండి.

మరో జవాబు:
1997లో వచ్చిన రెండు చిత్రాలు పక్కపక్కన వినండి. ‘కుందున్’కు ఫిలిప్ గ్లాస్ సంగీతంలో టిబెటన్ బాకాలు, గ్యూతో మఠం భిక్షువుల మంత్రపఠనం ఉన్నాయి. ‘సెవెన్ ఇయర్స్ ఇన్ టిబెట్’కు సంగీతం కూర్చిన జాన్ విలియమ్స్, యో-యో మా అనే విద్వాంసుడి చెల్లోను ముందు నిలిపారు. రెండోది అందంగా ఉంటుంది, కానీ నాకు అది బయటి నుంచి వచ్చిన ప్రయాణికుడి గొంతు.

ఇంకో మాట. డుంగ్‌చెన్ మఠంలో పూజకు మోగేది. రాత్రిపూట ఒంటరిగా కనుమ దాటే మనిషి మనసులో అది ఎందుకు మోగుతుంది? అక్కడ డ్రాన్యెన్ అనే ఆరు తీగల టిబెటన్ వాద్యమో, వేణువో, పల్లె పాటో ఉండాలి. 1959లో పశ్చిమ బెంగాల్‌లోని కాలింపాంగ్‌లో మొదలైన టిబెటన్ ప్రదర్శన కళల సంస్థ ఇప్పుడు ధర్మశాలలోనే ఉంది. వాయించేవారి కోసం అక్కడ అడగండి.

ప్రశ్న అడిగినవారు:
ఈ ఆలోచన నాకు తట్టనే లేదు. నిన్న వెళ్లి, నడుస్తూ ఏమైనా పాడుకునేవారా అని ఆమెనే అడిగాను. కాసేపు చేతులు చూసుకుంటూ కూర్చుని, ఒక పాట అందుకున్నారు. రెండో పాదం దగ్గర ఆయాసం వచ్చి ఆగి, మళ్లీ అక్కడి నుంచే మొదలుపెట్టారు. ఫోనులో రికార్డు చేశాను. ఆ ఆగిన చోటును అలాగే ఉంచుతున్నాను. బాకాలు ఆమె ధర్మశాల చేరాకే, అదీ శ్రుతి ముట్టుకోకుండా.