ప్యాక్‌మ్యాన్ బోర్డు ఆగకుండా రీసెట్ అవుతోంది, రోమ్‌లు మాత్రం బాగానే ఉన్నాయి

డాలస్_గ్యారేజ్: అందరికీ నమస్కారం. ఇక్కడ ఒక పాత ప్యాక్‌మ్యాన్ క్యాబినెట్ కొన్నాను. ఆన్ చేస్తే స్క్రీన్ నిండా పిచ్చి గీతలు, టపటపా మారిపోతుంటాయి, ఆట మొదలవదు. ఆట ప్రోగ్రామ్ ఉండే రోమ్ చిప్‌లు నాలుగూ ఊడదీసి రీడర్‌లో చదివించాను, మేమ్‌లో (పాత ఆటల్ని కంప్యూటర్‌లో ఆడించే ఎమ్యులేటర్, MAME) ఉన్న సీఆర్‌సీలతో, అంటే డేటా సరిగా ఉందో చెప్పే చెక్ సంఖ్యలతో, సరిపోయాయి. అవే ఫైళ్లతో ల్యాప్‌టాప్‌లో ఆట చక్కగా నడుస్తోంది. మరి బోర్డు మీద ఏమైంది? జడ్80 (బోర్డు మీది సీపీయూ చిప్) మార్చేయమంటారా?

టంకం_బాబాయ్: జడ్80 జోలికి ఇప్పుడే వెళ్లకండి, అది పోవడం అరుదు. ముందు దాని 11, 29 కాళ్ల (పిన్‌ల) మధ్య వోల్టేజ్ చూడండి, 4.75 వోల్టుల కన్నా తక్కువుంటే మిగతా పరీక్షలన్నీ దండగ. తర్వాత 26వ కాలు మీద లాజిక్ ప్రోబ్ (సిగ్నల్ మారుతోందో లేదో చూపే పరికరం) పెట్టండి, అదే రీసెట్. సెకనుకు దాదాపు 4 సార్లు కొట్టుకుంటుంటే అది వాచ్‌డాగ్ పని. ప్రోగ్రామ్ వరసగా 16 ఫ్రేములపాటు దాన్ని పలకరించకపోతే బోర్డే సీపీయూని మళ్లీ మొదలుపెట్టిస్తుంది. అంటే ప్రోగ్రామ్ ఎక్కడో దారి తప్పుతోంది.

బైట్_పిచ్చి: బాబాయ్ మాటే నాదీ. మేమ్‌లో ఆడిందంటే రోమ్‌లో డేటా బాగుందని మాత్రమే అర్థం అండీ. మేమ్ మీ సాకెట్‌ని, మీ ట్రాకుల్ని నడపడం లేదు కదా, బోర్డు ఎలా పనిచేయాలో అలా చేసి చూపిస్తుంది, అంతే. కానీ ప్రోగ్రామ్‌ని లోపలికెళ్లి చూపించే మేమ్ డీబగ్గర్ ఇలాంటప్పుడు బంగారం. తెరిచి 0000 అడ్రస్ చూడండి, మొదటి బైట్ ఎఫ్3, ఇంటరప్ట్‌లు (సీపీయూ పనికి మధ్యలో అడ్డొచ్చే సిగ్నళ్లు) ఆపమని. మొదటి రోమ్ సాకెట్‌లో 14వ కాలు, అంటే డీ4 అనే డేటా లైన్, సరిగా తగలక సున్నాగా చదివితే ఆ ఎఫ్3 కాస్తా ఈ3 అయిపోతుంది, మొదటి అడుగే తప్పు. పవర్ ఆపి, మీటర్‌ని బీప్‌లో పెట్టి, ఒక మొన చిప్ కాలి భుజం మీద, రెండోది బోర్డు వెనక అదే కాలి టంకం మీద పెట్టండి. సాకెట్ కాలు మీద పెట్టొద్దు, లోపం దాగిపోతుంది. 9, 10, 11, 13 నుంచి 17 వరకు డేటా కాళ్లు, ముందు అవే చూడండి.

డాలస్_గ్యారేజ్: థాంక్యూ ఇద్దరికీ! వోల్టేజ్ బాగుంది, 26 కొట్టుకుంటోంది. మొదటి రోమ్‌లో 16వ కాలు దగ్గర బీప్ రావట్లేదు, చిప్‌ని గట్టిగా నొక్కితే వస్తోంది.

టంకం_బాబాయ్: దొరికింది. కాళ్లు శుభ్రం చేసి ఊరుకోకండి, పాత సాకెట్ మళ్లీ మొరాయిస్తుంది. ముందు ప్లాస్టిక్ మెల్లగా లేపి తీసేసి, తర్వాత ఒక్కో కాలు వేడిచేసి విడివిడిగా లాగండి, ఒకేసారి పీకితే ట్రాక్ లేచిపోతుంది. మిగతా మూడు రోమ్ సాకెట్లూ అదే వయసువి, అవి కూడా మార్చేయండి.