తీర్థన్ వాగులో ట్రౌట్ చేపల వేట: గైడ్ అవసరమా?

ప్రశ్న: ఏప్రిల్‌లో నాన్నగారిని హిమాచల్‌లోని తీర్థన్ లోయకు తీసుకువెళుతున్నాను. గోదావరి గట్టున గాలం వేస్తూ పెరిగిన మనిషి. ఇప్పుడు 68 ఏళ్లు. గైడ్ లేకుండా కుదురుతుందా?

జవాబు: తప్పక పెట్టుకోండి. అక్కడి గుషైనీ ఊరి దగ్గర మంచు కరిగిన నీళ్లలో మోకాలి లోతుకే నా కాళ్లు మొద్దుబారాయి. గుండ్రాళ్ల నిండా పాచి. మా గైడ్ దిగువ నుంచి ఎగువకు నడిపించాడు. ట్రౌట్ ప్రవాహానికి ఎదురుగా నిలుస్తుంది కాబట్టి వెనక నుంచి వెళితే మనల్ని పసిగట్టదట. రెండో రోజు చేప పడింది! ఒళ్లంతా ఎర్రచుక్కలు. వదిలేయడానికి మనసొప్పలేదు, అయినా వదిలాను.

మరో జవాబు: మత్స్యశాఖ లైసెన్సు మరవకండి. నవంబరు నుంచి ఫిబ్రవరి ఆఖరు వరకు వేట నిషేధం, అది గుడ్లు పెట్టే కాలం.

అడిగినవారు: ధన్యవాదాలండీ. నాన్నగారికి చదివి వినిపించాను. “ఏటికి ఎదురా? మన పులసలాగే!” అన్నారు. గైడ్‌తోనే వెళతాం.