నాటకంలోని ధ్వనియంత్రం: 1000 హెర్ట్జ్ దాటితే పలకపై ఇసుక ఆకృతులు నిలవడం లేదు

ధ్వనితో వాస్తవాన్నే మార్చివేసే ఒక కల్పిత యంత్రం చుట్టూ మా నాటకం నడుస్తుంది. వచ్చే నెల విశాఖపట్నంలో ప్రదర్శన ఉన్నందున, 1787లో జర్మన్ శాస్త్రవేత్త ఎర్నెస్ట్ క్లాడ్నీ వివరించిన పద్ధతిలో, కంపించే పలకపై ఇసుక ఆకృతులను వేదికమీద నిజంగానే చూపాలని సంకల్పించాను.

24 సెంటీమీటర్ల చదరపు అల్యూమినియం పలకను, 1 మిల్లీమీటరు మందం గలదాన్ని, నడిమధ్య ఒకే బోల్టుతో, 6 అంగుళాల స్పీకరు కోన్‌కు (స్పీకరులో కంపించే గరాటు భాగానికి) అతికించిన ప్లాస్టిక్ మూతపై బిగించాను. ఫోన్‌లోని టోన్ జనరేటరును (కోరిన స్వరాన్ని పుట్టించే యాప్‌ను) 20 వాట్ల ఆంప్లిఫయరుకు కలిపాను. 340 హెర్ట్జ్ (సెకనుకు 340 కంపనాలు) దగ్గర ఇసుక రెండు మూడు సెకన్లలోనే కంపనం లేని గీతల మీదికి చేరి చక్కగా రూపు కడుతోంది. అది చూసిన ప్రతిసారీ మా బృందమంతా మాటలు ఆపేస్తుంది. 1000 హెర్ట్జ్ దాటితే మాత్రం అక్కడక్కడా వణికి, మెల్లగా ఒకే మూలకు జారిపోతోంది.

పలకను రసమట్టంతో సరిచూశాను. బీచి నుంచి తెచ్చిన ఇసుకను మంచినీటితో కడిగి, రెండు రోజులు ఎండబెట్టి, జల్లించాను. ఇసుకకు బదులు ఉప్పు వాడి చూస్తే, అది ఇక్కడి గాలికి పది నిమిషాల్లోనే చెమ్మగిల్లి పలకకు అంటుకుపోయింది. శబ్దం పెంచితే కోన్ గరగరలాడుతోందే తప్ప ఫలితం లేదు. బోల్టు కింద రబ్బరు వాషరు వేస్తే 340 దగ్గరి ఆకృతి కూడా చెదిరింది.

ఇదే స్పీకరుతో 1000 నుంచి 2000 హెర్ట్జ్ మధ్య ఆకృతి స్థిరంగా నిలవాలంటే, పలకను కోన్‌కు ఏ విధంగా బిగించాలి?