సమస్య: తీగ తెగిన వెనుక దినము పుట్టె

సంచాలకులు: ఊహాలోకం ఒకటి అనుకోండి. అక్కడ సూర్యుడు లేడు. ఆకాశమంత పొడవున బిగించిన ఒకే తీగ ఒక్కసారి కంపిస్తే ఒక రోజు, ఆ కంపనాల సంఖ్యే కాలం. అటువంటి చోట తీగ తెగితే కాలం ఆగాలి కదా, రోజు ఎలా పుడుతుంది? ఈ పాదం చివర వచ్చేలా ఆటవెలదిలో పూరించండి.

గణితం మాస్టారు:

సగము తీగ మీట స్వరము రెట్టింపయ్యె
రాత్రి గడువు కుంగె రాగ మెగసెను
ఒక్క జాము చోట నుండె జాములు రెండు
తీగ తెగిన వెనుక దినము పుట్టె

సంచాలకులు: తీగ సగమైతే కంపనం రెట్టింపై రోజు సగమవుతుందన్న ఊహ బాగుంది. అయితే రెండవ పాదం చివరి గణంలో మూడు లఘువులకే (పొట్టి అక్షరాలకే) చోటున్నా నాలుగు పడ్డాయి. "మెగసె" అంటే సరిపోయేదానికి ఆ "ను" ఎందుకో మాస్టారే చెప్పాలి.

వైణికుడు: "ను" సంగతి అటుంచండి. వీణ మీద పన్నెండవ మెట్టు దగ్గర నొక్కితే తీగ సగమై తారషడ్జం (పై స్థాయి "స") పలుకుతుంది, తీగ మాత్రం తెగదు. సమస్యలో చిక్కంతా "తెగిన" అన్న మాటలోనే ఉంది, మాస్టారు దాన్ని తాకనే లేదు. నా పూరణ ఇది:

పంచమముల లెక్క పండ్రెండు చేరినన్
స్థాయు లేడు దాటి శకల ముండె
మోయలేని బిగువు ముదిరి యా శేషాన
తీగ తెగిన వెనుక దినము పుట్టె

సంచాలకులు: షడ్జం (స) నుంచి పంచమం (ప) మీద పంచమంగా పన్నెండు మెట్లు ఎక్కితే ఏడు స్థాయిలు, అంటే కంపనానికి ఏడు రెట్టింపులు, ముగిసి మళ్లీ షడ్జం రావాలి, కానీ పంచమానికి రెండింటికి మూడు చొప్పున పెంచుకుంటూ పోతే 128 రెట్లు రావలసిన చోట 129.75కు చేరువగా తేలుతుంది. ఆ మిగులునే రోజుగా పుట్టించడం ఒక చమత్కారమైతే, "మోయలేని" అన్న వెంటనే "శేష" పదం వేసి భూమిని మోసే ఆదిశేషుణ్ణి గుర్తుకు తేవడం మరొకటి. రెండవదే నాకు ఎక్కువ నచ్చింది. మన పంచాంగంలో 19 ఏళ్లకు 7 అధికమాసాలు వచ్చేదీ ఇలా సూర్యుడి లెక్క, చంద్రుడి లెక్క రెండూ కలవకపోవడం వల్లనే, కాకపోతే అక్కడ పూడ్చేది కొరత, ఇక్కడ పుట్టింది మిగులు.

గణితం మాస్టారు: పూరణ బాగుంది, కాదనను. కటపయాది (అక్షరాలను అంకెలుగా మార్చి కుడి నుంచి చదివే పద్ధతి) సమస్య ఇచ్చిననాడు "మాయా"ను ఎడమ నుంచి చదివి మాయామాళవగౌళ రాగానికి మేళం (మూలరాగం) సంఖ్య 15 బదులు 51 వేసినవారు ఇంత లెక్క చేయడం చూసి ముచ్చటేసింది.

వైణికుడు: ఆ 51వ మేళం కామవర్ధని, మాస్టారూ. 15కు 36 కలిపితే వచ్చే, మధ్యమం (మ) ఒక్కటే మారే జంట మేళమూ అదే కాబట్టి నా పొరపాటు వల్ల శుద్ధమధ్యమం ప్రతిమధ్యమమైంది, అంతకుమించి స్వరమేదీ చెడలేదు. మీ "ను" చేసిన గణభంగానికి అలాంటి జంట మేళం ఉంటే మీరూ చూపించండి.

సంచాలకులు: ఆ కటపయాది పూరణ మీద తీర్పు ఆనాడే అయిపోయింది. ఈ తీగకు రండి.

గణితం మాస్టారు: "ను" తీసేశాను. మొదటి పాదాన్ని "సగము తెంపి మీట స్వరము రెట్టింపయ్యె" అని మార్చాను. ఒక్క మాటతో తీగ తెగింది, గణాలూ యతీ చెక్కుచెదరలేదు.

వైణికుడు: యతి నిలిచింది కానీ తెంపిన తీగకు బిగువు నిలవదు, మాస్టారూ. ఆ సగాన్ని మళ్లీ తీగ బిగించే బిరడాకు చుట్టనిదే స్వరం పలకదు, ఆ చుట్టే పనికి మీ పద్యంలో చోటు కనిపించడం లేదు.