హామీ సంతకం చేశాను, సమన్లు వచ్చాయి. సంతకం నాది కాదనవచ్చా?

కృష్ణాతీరం:
తోటి ఉద్యోగి కారు కోసం బ్యాంకులో అప్పు తీసుకుంటే హామీ సంతకం చేశాను. ఆయన వాయిదాలు ఆపేసి, బదిలీ చేయించుకుని వెళ్లిపోయారు. దావాలో ఆయన మొదటి ప్రతివాది, నేను రెండో ప్రతివాదిని. సంతకం నాది కాదని జవాబు వేస్తే నిరూపించుకునే భారం బ్యాంకుదేనని మిత్రులు అంటున్నారు. అయినా డబ్బు వాడుకున్న మనిషి దగ్గర వసూలు కాకపోతేనే కదా నా దగ్గరికి రావాలి?

పాత గుమాస్తా:
ఆ చివరి నమ్మకమే చాలామంది కొంప ముంచుతోందండీ. ఒప్పందంలో వేరుగా రాసుకుంటే తప్ప, అప్పు తీసుకున్నవారి బాధ్యత ఎంతో హామీదారుదీ అంతే. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 128వ సెక్షన్ చెప్పేది ఇదే. ముందు అసలు బాకీదారు మీదికి వెళ్లమని హామీదారు పట్టుబట్టడం కుదరదని బ్యాంక్ ఆఫ్ బీహార్, దామోదర్ ప్రసాద్ కేసులో సుప్రీంకోర్టు ఎన్నడో తేల్చింది.

ఇక సంతకం సంగతి. నేను కోర్టులో పనిచేసిన రోజుల్లో ఒకాయన బోనెక్కి, సంతకం నాది కాదన్నారు. బ్యాంకు వకీలు ఆయన జీతం సర్టిఫికెట్ తీశారు. హామీదారుగా ఇస్తున్నానని దాని మీద ఆయన చేతి రాతే ఉంది. వకీలును పెట్టుకుంటూ ఇచ్చిన వకాలత్ మీద సంతకం, హామీ పత్రం మీద సంతకం జడ్జిగారు పక్కపక్కన పెట్టి చూశారు. రెండింటిలోనూ చివరి అక్షరం కింద వెనక్కి లాగిన గీత, దాని కింద రెండు చుక్కలు. ఆ తర్వాత వడ్డీ లెక్క తప్పని ఆయన ఎంత మొత్తుకున్నా ఎవరూ చెవిన పెట్టలేదు. నిజానికి ఆ లెక్క తప్పే! నాకు ఇప్పటికీ బాధగా ఉంటుంది.

విశాఖ వకీలు:
ప్రమాణం చేసి కోర్టులో అబద్ధపు సాక్ష్యం చెబితే నేరాలకు శిక్షలు చెప్పే భారతీయ న్యాయ సంహిత 229వ సెక్షన్ కింద ఏడేళ్ల వరకు శిక్ష పడవచ్చు. ముఖ్యమైన పత్రాన్ని దాచి డిక్రీ, అంటే కోర్టు తీర్పు ఉత్తర్వు, పొందిన వ్యక్తిని 1993లో చెంగల్వరాయ నాయుడు కేసులో సుప్రీంకోర్టు ఏమాత్రం ఉపేక్షించలేదు. సంతకం మీదే అయితే ఒప్పుకోండి. సమన్లు అందిన 30 రోజుల్లో జవాబు వేయాలి, కోర్టు గడువు పెంచినా మామూలుగా 90 రోజులు దాటదు. మిమ్మల్ని అడగకుండా అప్పు షరతులు మార్చి ఉంటే, కాంట్రాక్టు చట్టం 133వ సెక్షన్ ప్రకారం ఆ మార్పు తర్వాతి లావాదేవీలకు మీ బాధ్యత పోతుంది. అయితే చాలా బ్యాంకుల పత్రాల్లో అలాంటి మార్పులకు ముందే ఒప్పుకున్నట్టు రాసి ఉంటుంది. మీ హామీ పత్రం ప్రతి తీసుకుని పూర్తిగా చదవండి.

సరళ, నల్గొండ:
మా అన్నయ్య ఒక చిట్టీకి షూరిటీ ఉన్నారు. నోటీసు రాగానే దాచకుండా సంతకం నాదేనని చెప్పి, పాట పాడుకున్న మనిషి పాస్‌బుక్ సంపాదించి దాఖలు చేశారు. కట్టిన వాయిదాలు కొన్ని కంపెనీ లెక్కలో లేవు. బాకీ తగ్గింది. మిగిలినదానికి జీతం జప్తు తప్పలేదు. మొదటి వెయ్యి, ఆపై మొత్తంలో మూడింట రెండు వంతులు వదిలి తక్కినది కోస్తారు. ఒకే డిక్రీ కింద 24 నెలలు కోశాక ఇక జీతం ముట్టుకోకూడదు.

కృష్ణాతీరం:
అందరికీ ధన్యవాదాలు. సంతకం ఒప్పుకుంటాను. ఆ కారును ఆయన అమ్మేశారని ఇప్పుడే తెలిసింది. దానివల్ల నాకేమైనా ఊరట ఉంటుందా?

విశాఖ వకీలు:
ఎలా అమ్మారన్నదే కీలకం. బాకీ ఉండగానే బ్యాంకు అభ్యంతరం లేదని ఎన్‌ఓసీ ఇచ్చి, ఆర్‌సీలో హైపోతికేషన్ (కారు బ్యాంకు తాకట్టులో ఉందన్న నమోదు) తీయించి ఉంటే, అదే చట్టం 141వ సెక్షన్ ప్రకారం ఆ కారు విలువ మేరకు మీ బాధ్యత పోతుంది. బ్యాంకుకు తెలియకుండా ఆయనే అమ్ముకుని ఉంటే ఆ వాదన నిలవడం కష్టం. ముందు రవాణా శాఖలో ఆ బండి వివరాలు తీయించండి.

పాత గుమాస్తా:
ఒకవేళ కట్టాల్సి వస్తే రసీదు మీ పేరునే, హామీదారు హోదాలో చెల్లించినట్టు రాయించుకోండి. 145వ సెక్షన్ కింద ఆ డబ్బు ఆయన దగ్గర రాబట్టుకునే హక్కు మీకుంది. కట్టిన తేదీ నుంచి మూడేళ్లలోపు దావా వేయాలి. ఆయన కొత్త ఆఫీసు చిరునామా ఇప్పుడే కనుక్కుని ఉంచండి.